గడప దాటాక ఎవరి పాలన?

ఫ్లాటు కొన్నవాళ్లలో చాలామంది రిజిస్ట్రేషన్ అయిన వారంలోనే దస్తావేజును లాకర్లో పెట్టేస్తారు, లేదా లోను ఇచ్చిన బ్యాంకుకు అప్పగిస్తారు. మళ్లీ అమ్మేటప్పుడు తప్ప దాని మొహం చూడరు. ఓపిగ్గా చదివితే అందులో రెండు ఆస్తులు కనిపిస్తాయి. ఒకటి ఇన్ని చదరపు అడుగుల ఫ్లాటు. రెండోది ఆ భవనం నిలబడ్డ నేలలో ఇన్ని చదరపు గజాల అవిభాజ్య వాటా. 600 గజాల స్థలంలో 15 సమానమైన ఫ్లాట్లు లేస్తే ఒక్కో యజమానికి 40 గజాలు వస్తాయి. ఆ 40 గజాలు ఎక్కడున్నాయో చూపించమంటే ఎవరి తరమూ కాదు. సంపు కింద, లిఫ్టు గుంత కింద, పక్కవాళ్ల వంటింటి కింద కూడా అందరి వాటా ఉంటుంది.

మొదటి ఆస్తిని చూసుకోవడానికి ఇంటి యజమాని చాలు. రెండోదాన్ని చూసుకోవడానికే అపార్ట్‌మెంటు అసోసియేషన్. మెట్లు, లిఫ్టు, బోరు, మోటారు, టెర్రస్, సెల్లార్, ప్రహరీ, డ్రైనేజీ అన్నీ దాని ఏలుబడిలోవే. సికింద్రాబాద్‌లో వెస్ట్ మారేడ్‌పల్లి నుంచి సైనిక్‌పురి దాకా వేలాది కుటుంబాల జీవితకాలపు పొదుపు ఈ చిన్న సంఘాల చేతుల్లో ఉంది. చట్టాలు ఈ సంఘాలకు బాధ్యతలు దండిగా అప్పగించాయి. వాటిని నెరవేర్చే అధికారం మాత్రం చాలీచాలకుండా ఇచ్చాయి. సంఘం దారి తప్పితే సభ్యుడు వెళ్లి చెప్పుకోవడానికి దగ్గర్లో ఒక తలుపు కూడా చూపలేదు. ఈ సమీక్షలో నేను ప్రధానంగా చెప్పదలచింది ఇదే.

మారేడ్‌పల్లి, పద్మారావునగర్ ఒకప్పుడు విశాలమైన ఆవరణల ఇళ్లకు పేరు. పిల్లలు పెద్దవాళ్లై వాటాలు అడిగేసరికి ఆ ఇళ్లు బిల్డర్ల చేతికి వెళ్లాయి, ఒక్కో ఇంటి స్థలంలో పది పదిహేను ఫ్లాట్లు లేచాయి. ఈ మార్పు ఊపందుకున్న కాలంలోనే 1987లో ఉమ్మడి రాష్ట్రం అపార్ట్‌మెంట్ల నిర్మాణ ప్రోత్సాహం, యాజమాన్యానికి సంబంధించిన చట్టం తెచ్చింది. తెలంగాణ ఏర్పడ్డాక అదే చట్టం ఇక్కడా కొనసాగింది. నిర్మాణ ప్రోత్సాహం అనే మాట పేరులోనే ముందు ఉంది. కొనేవాడిని బిల్డర్ మోసగించకుండా చూడటం ఆనాటి తక్షణ అవసరం. ప్లాను చూపాలి, ఒప్పందం రాయాలి, ఉమ్మడి వసతులేవో ప్రకటించాలి అని చట్టం చెప్పింది. సంఘం గురించీ చెప్పింది. కానీ బిల్డర్ వెళ్లిపోయాక అదే భవనంలో కలిసి గడపాల్సిన ముప్పై, నలభై ఏళ్ల సంగతి దాని దృష్టిలో పెద్దగా లేదు.

అందుకే సంఘాన్ని ఎక్కడ రిజిస్టర్ చేయాలన్న దగ్గరే తికమక మొదలవుతుంది. ఒక కాలనీలో పక్కపక్కనే ఉన్న మూడు భవనాల బోర్డులు చూడండి. ఒకటి ‘వెల్ఫేర్ అసోసియేషన్’ అంటుంది, అది 2001 నాటి సొసైటీల రిజిస్ట్రేషన్ చట్టం కింద నమోదైంది. రెండోది ‘మ్యూచువల్లీ ఎయిడెడ్ కోఆపరేటివ్ మెయింటెనెన్స్ సొసైటీ’, దానిది 1995 నాటి పరస్పర సహాయ సహకార సంఘాల చట్టం. మూడోది 1964 నాటి సహకార చట్టం కింద ఏర్పడిన పాత గృహనిర్మాణ సంఘం. చిన్న భవనాల్లో ఏ రిజిస్ట్రేషనూ లేకుండా ఒక రసీదు పుస్తకం, ఒక వాట్సాప్ గ్రూపుతో నడిచేవి కూడా కోకొల్లలు.

ఇది కాగితాల తేడాయే కదా అనిపించవచ్చు. గొడవ వచ్చిన రోజున తెలుస్తుంది, కాదని. సెక్రటరీ మూడేళ్లుగా లెక్కలు చూపడం లేదనుకుందాం. సంఘం 2001 చట్టం కిందిదైతే సభ్యుడు 23వ సెక్షన్ ప్రకారం మధ్యవర్తిత్వానికి వెళ్లాలి, లేదా జిల్లా కోర్టులో దరఖాస్తు పెట్టుకోవాలి. సహకార సంఘమైతే సహకార చట్టాల దారి, వాటి ట్రిబ్యునళ్లు. రిజిస్ట్రేషన్ లేనిదైతే మామూలు సివిల్ దావాయే. నెలకు రెండు మూడు వేల మెయింటెనెన్సు లెక్క అడగడానికి జిల్లా కోర్టు మెట్లెక్కే మధ్యతరగతి మనిషి ఎవరు? ఎక్కడు. గొణుక్కుంటాడు, కొన్నాళ్లకు కట్టడం మానేస్తాడు. అసోసియేషన్లు చచ్చుబడేది ఇలాగే.

రిజిస్ట్రేషన్ ఎంపిక మరో చోట కూడా కొంప ముంచుతుంది. బెంగళూరులోని శోభా హైబిస్కస్ సంఘం బిల్డర్ మీద వినియోగదారుల కమిషన్‌కు వెళ్లింది. ఆ రాష్ట్ర అపార్ట్‌మెంటు చట్టం కింద తప్పనిసరిగా ఏర్పడిన సంఘాన్ని స్వచ్ఛంద వినియోగదారుల సంఘంగా పరిగణించలేమని, ఆ హోదాలో ఫిర్యాదు చెల్లదని 2020లో సుప్రీంకోర్టు తేల్చింది. కేసులో బలం ఎంతున్నా గుమ్మం దగ్గరే ఆగిపోవాల్సి వచ్చిందన్నమాట. సంఘం పెట్టే ముందు ఈ తీర్పు గురించి వకీలుతో ఒక గంట మాట్లాడుకోవడం మంచిది.

స్థిరాస్తి రంగాన్ని నియంత్రించే 2016 నాటి రెరా చట్టం కొత్త భవనాల వరకు పరిస్థితిని నిజంగానే మార్చింది. సగానికి పైగా ఫ్లాట్లు బుక్ అయిన మూడు నెలల్లో సంఘం ఏర్పడేలా బిల్డరే చూడాలి. సంఘం పగ్గాలు తీసుకునేదాకా నిర్వహణ అతని బాధ్యతే. ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చిన 30 రోజుల్లో ప్లాన్లు, పత్రాలు సంఘానికి అందాలి. ఉమ్మడి స్థలాల హక్కును మూడు నెలల్లో సంఘం పేరు మీద రాసివ్వాలి. నిర్మాణ లోపాలు స్వాధీనం చేసిన నాటి నుంచి ఐదేళ్ల లోపు బయటపడితే, ఫిర్యాదు అందిన 30 రోజుల్లో ఉచితంగా సరిచేయాలి. సంఘం ఏర్పాటులో పాలుపంచుకోవడం కొనుగోలుదారు విధి అని కూడా చట్టం రాసింది. మన రాష్ట్రంలో రెరా అథారిటీ 2018లో పని మొదలుపెట్టింది. సంఘం నేరుగా అక్కడ ఫిర్యాదు చేయవచ్చు కాబట్టి శోభా హైబిస్కస్ లాంటి చిక్కు ఇక్కడ ఎదురుకాదు.

అయితే తెలంగాణలో రెరా వర్తించేది 2017 జనవరి 1 తర్వాత అనుమతులు పొందిన ప్రాజెక్టులకే. అదీ స్థలం 500 చదరపు మీటర్లు దాటితేనో, ఫ్లాట్లు ఎనిమిదికి మించితేనో. సికింద్రాబాద్ పాతబడ్డ ఊరు. ఇక్కడి అపార్ట్‌మెంట్లలో పెద్ద భాగం 1980ల, 1990ల నాటివి. వాటికి రెరా తలుపు తెరుచుకోదు. తెరుచుకున్న చోట కూడా అది బిల్డర్‌కు, కొన్నవాళ్లకు మధ్య తగవు తీర్చే సంస్థ. సెక్రటరీకి, సభ్యుడికి మధ్య వచ్చే పేచీ దానికి పట్టదు.

కంటోన్మెంటు సంగతి మన రాష్ట్రంలో సికింద్రాబాద్‌కే ప్రత్యేకం. కార్ఖానా, తిరుమలగిరి, బోయిన్‌పల్లి ప్రాంతాల్లో ఒక రోడ్డు దాటగానే నగరపాలక సంస్థ హద్దు పోయి కంటోన్మెంటు బోర్డు హద్దు వస్తుంది. అక్కడ భవన అనుమతులు 2006 నాటి కేంద్ర కంటోన్మెంట్ల చట్టం పరిధిలో ఉంటాయి. కొన్ని భూముల యాజమాన్యం కేంద్రానిదే, వివరాలు జనరల్ ల్యాండ్ రిజిస్టర్‌లో ఉంటాయి. అటువైపు కొనేవాళ్లు బిల్డర్ ఇచ్చే జిరాక్సులు నమ్ముకోకుండా ఆ రిజిస్టర్‌లో ఏముందో కనుక్కోవాలి.

ఇక డబ్బు దగ్గరికి వద్దాం. జనరల్ బాడీ ఎప్పుడు పెట్టినా ఈ మాట ఒకటి తప్పక వినిపిస్తుంది: “మాది ఫస్ట్ ఫ్లోరు సార్, మేము లిఫ్టు ఎక్కం. దానికి మేమెందుకు కట్టాలి?” అన్యాయంగా అనిపించని ప్రశ్నే. కానీ దస్తావేజులోకి వెళ్తే సమాధానం దొరుకుతుంది. లిఫ్టు ఉమ్మడి ఆస్తి. ఈ ప్రశ్న అడిగినవాళ్లే ఫ్లాటు అమ్మేటప్పుడు లిఫ్టు ఉందని చెప్పుకునే ధర అడుగుతారు. వాడకాన్ని బట్టి కాకుండా వాటాను బట్టి ఖర్చు పంచుకోవడమే ఉమ్మడి ఆస్తికి మూలసూత్రం. ఫ్లాటుకు ఇంతని పంచాలా, చదరపు అడుగుకు ఇంతనా అన్న పంచాయితీకీ ఇదే కొలమానం. ఫ్లాట్లన్నీ దాదాపు ఒకే సైజు అయినప్పుడు సమానంగా వేసుకున్నా ఇబ్బంది లేదు. 900 అడుగుల ఫ్లాటూ 2,400 అడుగుల ఫ్లాటూ ఒకే కప్పు కింద ఉంటే మాత్రం వాటా లెక్కే న్యాయం. మహారాష్ట్ర చట్టం కింద బాంబే హైకోర్టు 2025లో ఈ వైపే మొగ్గింది. వాచ్‌మన్ జీతం, కసువు ఊడ్చే ఖర్చు లాంటివి సమానంగా, మిగతావి వాటా ప్రకారం అని బైలాలో ముందే రాసుకున్న భవనాల్లో తగాదాలు తక్కువ.

నెలసరి మెయింటెనెన్సు ఒక్కొక్కరికి 7,500 రూపాయలు దాటి, సంఘం ఏడాది రాబడి 20 లక్షలు మించితే 18 శాతం జీఎస్టీ పడుతుంది. 7,500 దాటితే కట్టిన మొత్తం సొమ్ము మీద పన్ను అని 2019లో కేంద్రం సర్క్యులర్ ఇచ్చింది. 7,500కు పైన ఉన్న సొమ్ము మీదే అని 2021లో మద్రాసు హైకోర్టు చెప్పింది. 9,000 కట్టే ఇంటికి మొదటి లెక్కన 1,620, రెండో లెక్కన 270. మారేడ్‌పల్లి చిన్న భవనాలకు ఈ బెడద లేదు గానీ, కొత్త గేటెడ్ కమ్యూనిటీల ట్రెజరర్లకు ఇది ఏటా తలనొప్పే.

బకాయిల విషయం అంతకంటే పెద్దది. యజమాని డల్లాస్‌లో ఉంటాడు, ఫ్లాటు తాళం వేసో అద్దెకిచ్చో ఉంటుంది, రెండేళ్ల మెయింటెనెన్సు బాకీ. సంఘం ఏం చేయగలదు? నోటీసు బోర్డు మీద పేరు పెడతారు, వాట్సాప్‌లో గుర్తుచేస్తారు. ఓపిక నశించిన చోట నీళ్ల వాల్వు కట్టేస్తారు. అద్దెకున్న కుటుంబం ఉండగా నీళ్లు ఆపడం తప్పు, కోర్టులో నిలవదు కూడా. బాకీ యజమానిది, దాహం అద్దెవాళ్లది. అదే యజమాని డల్లాస్ ఇంటి విషయానికి వస్తే కథ వేరు. టెక్సస్‌లో హోమ్‌ఓనర్స్ అసోసియేషన్‌కు బాకీ పడితే ఆ సంఘానికి ఇంటి మీద హక్కు వస్తుంది, ముదిరితే ఇల్లు వేలానికి వెళ్లే ప్రమాదం ఉంది. అందుకే అక్కడ ఠంచనుగా కడతాడు. ఇల్లు వేలం వేసేంత అధికారం మన సంఘాలకు ఇవ్వాలని నేననను. అమ్మకం రిజిస్ట్రేషన్ సమయంలో సంఘం నుంచి బకాయిలు లేవన్న పత్రాన్ని తప్పనిసరి చేస్తే చాలు, సగం బాకీలు వాటంతటవే వసూలవుతాయి. సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో ఆ కాగితం అడిగే ఆనవాయితీ ఇప్పుడు లేదు.

ప్రభుత్వం తన పని జరగాల్సి వచ్చినప్పుడు సంఘాన్ని చక్కగా గుర్తిస్తుంది. 2021 జనవరిలో నెలకు 20 వేల లీటర్ల ఉచిత మంచినీటి పథకం మొదలైనప్పుడు అపార్ట్‌మెంట్లలో ప్రతి ఫ్లాటునూ ఆధార్‌తో జతచేయాలన్నారు. ఆ భారమంతా సెక్రటరీల మీదే పడింది. ఇంటింటికీ తిరిగి కార్డు నంబర్లు రాసుకున్న ఆ విశ్రాంత ఉద్యోగులకు ఎవరూ జీతం ఇవ్వలేదు. చెత్త వేరుచేయించే పని, వాననీటి గుంతల పని, 2023 నాటి జంతు జనన నియంత్రణ నిబంధనల ప్రకారం వీధి కుక్కలకు తిండి పెట్టే చోటు చూపించే పని, అన్నీ సంఘం నెత్తినే ఉన్నాయి. ఇన్ని పనులు పురమాయించే ప్రభుత్వం ఆ సంఘానికి ఒక స్పష్టమైన చట్టం బాకీ ఉంది.

సెల్లార్, స్టిల్ట్ సంగతికొస్తే అది ప్రాణాల మీదికి వచ్చే విషయం. స్టిల్ట్ పార్కింగ్‌నూ ఖాళీ స్థలం పార్కింగ్‌నూ విడిగా అమ్ముకునే హక్కు బిల్డర్‌కు లేదని నహల్‌చంద్ లాలూచంద్ కేసులో సుప్రీంకోర్టు 2010లోనే చెప్పింది. అది మహారాష్ట్ర చట్టం మీద వచ్చిన తీర్పు. ఆ తర్వాత రెరా చట్టం బేస్‌మెంట్లను, ఓపెన్ పార్కింగ్‌ను ఉమ్మడి స్థలాల జాబితాలో చేర్చింది. అయినా మన దగ్గర పాత భవనాల సెల్లార్లలో గోదాములు, దుకాణాలు, జనరేటర్ పక్కనే అట్టపెట్టెల గుట్టలు కనిపిస్తూనే ఉన్నాయి.

2022 సెప్టెంబర్ 12 రాత్రి సికింద్రాబాద్ రూబీ హోటల్ భవనంలో, కింద ఉన్న విద్యుత్ స్కూటర్ల షోరూములో మంటలు లేచి పైన లాడ్జిలో బస చేసిన ఎనిమిది మంది చనిపోయారు. 2023 మార్చి 16 సాయంత్రం సరోజినీదేవి రోడ్డులోని స్వప్నలోక్ కాంప్లెక్స్‌లో అగ్నిప్రమాదం ఆరుగురు యువతీ యువకులను బలితీసుకుంది. పొట్టకూటి కోసం ఊళ్ల నుంచి వచ్చి అక్కడి ఆఫీసుల్లో పనిచేసేవాళ్లు. ఇవి నివాస భవనాలు కావు, నిజమే. కానీ స్వప్నలోక్ పెక్కుమంది యజమానులున్న కట్టడం. అలాంటి చోట మెట్ల దారిలో సామాన్లు తీయించాల్సింది ఎవరు, మంటలార్పే గొట్టంలో నీళ్లొస్తున్నాయో లేదో చూడాల్సింది ఎవరు, పాత వైరింగ్ మార్చడానికి డబ్బు పోగుచేయాల్సింది ఎవరు? మన స్టిల్ట్ ప్లస్ ఐదంతస్తుల ఇళ్లకూ ఇవే ప్రశ్నలు. ఇప్పుడు ప్రతి సెల్లార్‌లోనూ విద్యుత్ స్కూటర్లు చార్జింగ్‌లో ఉంటున్నాయి. వాటి చార్జింగ్‌కు వేరే కనెక్షన్ తీసుకునే వీలును 2024లో కేంద్రం విద్యుత్ వినియోగదారుల నిబంధనల సవరణ ద్వారా కల్పించింది. మెట్ల కింది ప్లగ్గుకు ఎక్స్‌టెన్షన్ బోర్డు తగిలించి రాత్రంతా వదిలేసే అలవాటును ప్రతి సంఘం ఈ వారమే ఆపించాలి.

లోపలి పాలన గురించి ఒక్క మాట. అద్దెకున్నవాళ్లు నెలనెలా మెయింటెనెన్సు కడతారు, ఓటు ఉండదు. ఊళ్లో లేని యజమానికి ఓటు ఉంటుంది, మీటింగుకు రాడు. కోరం లేక వాయిదా పడ్డ సమావేశాల వివరాలతోనే సగం మినిట్స్ పుస్తకం నిండుతుంది. బ్రహ్మచారులకు ఇవ్వొద్దు, ఫలానా తిండి తినేవాళ్లకు ఇవ్వొద్దు, ఫలానా మతం వాళ్లకు ఇవ్వొద్దు అని నోటిమాటగా నడిచే ‘రూల్స్’ ఉన్నాయి. వాటికి బైలా ఆధారమూ లేదు, మర్యాదా లేదు. అన్నిటికంటే మన సంఘాలు సిగ్గుపడాల్సింది వాచ్‌మన్ కుటుంబం విషయంలో. మెట్ల కింద ఒక గది, నియామక పత్రం లేని ఉద్యోగం, సెలవు లేని నెల. మోటారు వేయడం నుంచి పార్సిళ్లు మోయడం దాకా భార్యాభర్తలిద్దరూ చేస్తారు, జీతం ఒకరికే.

నాకు ఎక్కువ భయం కలిగించేది భవనాల వయసు. 1980ల కట్టడాలకు నలభై ఏళ్లు నిండుతున్నాయి. స్లాబులు పెచ్చులూడుతున్నాయి, స్తంభాల్లో ఇనుము తుప్పుపట్టి ఉబ్బుతోంది. ఇలాంటి భవనాన్ని పడగొట్టి కొత్తది కట్టాలంటే నేల అందరిదీ కాబట్టి అందరూ ఒప్పుకోవాలి. ఒక్కరు కాదంటే ఏళ్ల తరబడి ఆగిపోతుంది. ఆ ఒక్కరు ఎప్పుడూ మొండివాళ్లే కానక్కర్లేదు. కొత్త ఇల్లు లేచేదాకా అద్దె ఎవరిస్తారు, బిల్డర్ మధ్యలో వదిలేస్తే గతేమిటి అని భయపడే డెబ్బై ఏళ్ల పెద్దామె కావచ్చు. ఆమెకు భరోసా ఇస్తూనే మిగతావాళ్లకు దారి చూపేది చట్టమే. గుజరాత్‌లో పాతికేళ్లు దాటిన భవనాలకు 75 శాతం యజమానుల అంగీకారం చాలని సవరణ తెచ్చారు. తమిళనాడు 2022లో చేసిన అపార్ట్‌మెంటు యాజమాన్య చట్టం మూడింట రెండొంతుల మంది ఒప్పుకుంటే పునర్నిర్మాణానికి వీలిచ్చింది. ఆస్ట్రేలియాలోని న్యూసౌత్‌వేల్స్ 75 శాతం దగ్గర గీత గీసింది. తెలంగాణలో అలాంటి గీత లేదు.

మరమ్మతు వాయిదా వేస్తే ఏమవుతుందో ఫ్లోరిడా చూసింది. సర్ఫ్‌సైడ్‌లోని చాంప్లైన్ టవర్స్ సౌత్ 1981 నాటి భవనం. కింది స్లాబు దెబ్బతిన్నదని 2018లోనే ఇంజినీరు నివేదిక ఇచ్చాడు. ఖర్చు అంచనా పెరిగి కోటిన్నర డాలర్లకు చేరింది. ఎవరెంత కట్టాలన్న వాదనల్లో మూడేళ్లు గడిచాయి. 2021 జూన్ 24 అర్ధరాత్రి దాటాక భవనం కుప్పకూలి 98 మంది చనిపోయారు. మరుసటి ఏడాదే ఆ రాష్ట్రం మూడంతస్తులు, ఆపైన ఉన్న ఉమ్మడి భవనాలకు 30 ఏళ్లు నిండగానే నిర్మాణ తనిఖీని, మరమ్మతు నిధిని తప్పనిసరి చేసింది. మన పాత భవనాల్లో బిల్డర్ ఇచ్చిన కార్పస్ ఫండ్ ఎప్పుడో పెయింటింగుకు అయిపోయింది. మెయింటెనెన్సు వంద రూపాయలు పెంచుదామంటేనే యుద్ధం.

నా అభిప్రాయంలో తెలంగాణకు రెరా పక్కన నిలబడే ప్రత్యేక అపార్ట్‌మెంటు చట్టం ఒకటి కావాలి. ఏ భవనమైనా ఒకే చట్టం కింద నమోదు కావాలి. మండల స్థాయిలో కాకపోయినా కనీసం జిల్లాకొక అధికారి ఉండాలి. లెక్కలు చూపని సెక్రటరీ మీదా, కట్టని సభ్యుడి మీదా 60, 90 రోజుల్లో ఉత్తర్వు ఇచ్చే అధికారం ఆయనకు ఉండాలి. ముప్పై ఏళ్లు దాటిన కట్టడానికి నిర్మాణ తనిఖీ, ప్రతి సంఘానికీ మరమ్మతు నిధి, పునర్నిర్మాణానికి ఎంతమంది ఒప్పుకోవాలో స్పష్టమైన శాతం, కాదన్నవాళ్ల రక్షణకు అద్దె హామీ అందులో ఉండాలి. 1987 చట్టానికి అతుకులు వేసినంత మాత్రాన ఇవి రావు.

చట్టం వచ్చేదాకా చేతులు ముడుచుకు కూర్చోనక్కర్లేదు. ఈ ఆదివారం మీ సెక్రటరీని మూడు కాగితాలు అడగండి: రిజిస్ట్రేషన్ సర్టిఫికెట్టు, బైలా, గడిచిన ఏడాది ఆడిట్ లెక్క. ఉంటే ఆయనకు కృతజ్ఞతలు చెప్పి వచ్చే జనరల్ బాడీకి తప్పకుండా వెళ్లండి. లేకపోతే ఆయన్ను నిందించకండి, వాటిని తయారుచేసే పనిలో మీరూ చేయి వేయండి.